అనుకున్న తిథి

తన ఫోటోకి దండ వేసి ఉండడం చూసి గోపాలరావు గుమ్మంలోనే ఆగిపోయాడు.

ఫోటో ముందు దీపం వెలుగుతోంది. కొడుకు కళ్యాణ్ తడి పంచెతో పీట మీద కూర్చున్నాడు. వాడికి మీసాలు వచ్చేశాయి. భార్య సత్యవేణి విస్తరాకు తుడుస్తోంది. ఆమె నుదుట బొట్టు లేదు. ఎదురుగా కూర్చుని దర్భలు సర్దుతున్నది పక్క వీధి పురోహితుడు సత్యనారాయణమూర్తి.

"పోయిన తిథి తెలియదన్నారు కదమ్మా. ఏ రోజనుకున్నారు?" అని అడిగాడాయన.

"ఆయన ఇల్లు వదిలిన రోజే అనుకున్నామండి. తెల్లారి లేచి చూస్తే మంచం ఖాళీ. అదే తిథి."

"ఎక్కడైనా ఉన్నారేమో అని..."

"ఇంకా ఎన్నాళ్ళండీ ఆ ఏమో? లేరనే అనుకున్నాం."

అనుకోవడమంటే గోపాలరావుకి ఊహించుకోవడమే. తిడుతుంది, ఏడుస్తుంది, ఆ తర్వాత అన్నం పెడుతుంది అనుకుంటూనే రైలెక్కాడు. అదే మాట ఆమె నోట వింటుంటే తలుపుకి గడియ పెట్టినట్టుంది.

"సత్యా," అన్నాడు.

ఎవరూ తల తిప్పలేదు.

"సత్యా, నేనే. వచ్చేశాను."

సత్యవేణి లేచి గుమ్మం వైపే వచ్చింది. ఆమె చూపు అతని ముఖం మీదుగా జారి, వెనకున్న ఖాళీ మెట్ల మీదికి పోయింది. గుమ్మం పక్కనున్న నువ్వుల గిన్నె తీసుకుని వచ్చిన దారినే వెనక్కి వెళ్ళింది. పురోహితుడు నోటి దాకా వచ్చిన మంత్రం ఆపి ఆమె వంక చూశాడు.

"కానివ్వండి," అంది.

ఆయన మళ్ళీ అందుకున్నాడు.

గోపాలరావుకి అరికాళ్ళ నుంచి చలి పాకింది. పొద్దున మల్కాజిగిరి స్టేషన్లో రైలు పూర్తిగా ఆగకముందే దిగబోయి ప్లాట్‌ఫారం మీద పడ్డాడు. తల దిమ్మెక్కింది. అయినా వెంటనే లేచాడు. నొప్పి లేదు, గాయం లేదు. పడిన మనిషిని లేపడానికి ఒక్కరూ రాలేదు. బయట తెలంగాణ బంద్. షట్టర్లన్నీ దించేసి ఉన్నాయి. బస్సు లేదు, ఆటో లేదు. నాచారం దాకా నడిచి వచ్చినా పలకరించిన మనిషి లేడు. బంద్ కదా అని సరిపెట్టుకున్నాడు. కింద వాటాలో ఉండే ఇంటావిడ కిష్టమ్మని చూసి నవ్వితే, "శివశివా" అని కొంగు నోటికి అడ్డం పెట్టుకుని లోపలికి పరుగెత్తింది.

‘నేను పోయాను కాబోలు.’

ఆ ఆలోచన వచ్చాక తక్కినవన్నీ వాటంతటవే అతుక్కున్నాయి. మణికట్టు పట్టి నాడి చూసుకున్నాడు. తిమ్మిరెక్కిన వేళ్ళకి ఏమీ తెలియలేదు.

"కళ్యాణ్! నాన్నా!" అని అరిచాడు.

కళ్యాణ్ చేతిలోంచి నువ్వులు చెదిరి నేల మీద పడ్డాయి.

"నువ్వులు ఒలికిపోతున్నాయి నాయనా, నెమ్మదిగా," అన్నాడు పురోహితుడు.

పిండం పెట్టడానికి అందరూ డాబా మీదికి వెళ్ళారు. గోపాలరావు వాళ్ళ వెనకే ఎక్కి, నీళ్ళ ట్యాంకు పక్కన నిలబడ్డాడు. మిట్టమధ్యాహ్నం. వంగి చూసుకుంటే సిమెంటు మీద తన నీడ ఎక్కడా కనపడలేదు.

కళ్యాణ్ పిట్టగోడ మీద విస్తరి పెట్టి చప్పట్లు కొట్టాడు. కరెంటు తీగ మీద కాకులు బారుగా కూర్చున్నాయి. ఒక్కటీ కిందికి దిగలేదు.

కిష్టమ్మ మెల్లగా మెట్లెక్కి వచ్చింది.

"కాకి ముడ్తలేదంటే సారు మనసు దేనిమీదనో ఉన్నది గావచ్చు," అంది. అంతలో ఆమె కళ్ళు ట్యాంకు దగ్గర ఆగిపోయాయి. "అమ్మా... సారొచ్చిండు."

"ఎవరూ రాలేదు కిష్టమ్మా."

"గట్లంటవేంది? గాడ, ట్యాంకు కాడ నిలవడ్డడు సూడు. నాకు మంచిగ అవుపడ్తున్నడు."

సత్యవేణి అటు తిరగలేదు. "నాకు కనపడటం లేదు. కిందికి పద. మనుషులుంటే కాకి దిగదు."

కిష్టమ్మ నోట్లో ఏదో గొణుక్కుంటూ, వెనక్కి చూడకుండా దిగింది. పురోహితుడూ, సత్యవేణీ, చివరగా కళ్యాణ్ దిగారు. డాబా మీద గోపాలరావు ఒక్కడే మిగిలాడు.

ఆకలేస్తోంది. పోయినవాళ్ళకి ఇంత ఆకలుంటుందని అతనికి తెలియదు. విస్తట్లో అన్నం, గారెలు, అరటికాయ కూర. అన్నీ తన పేరు మీద పెట్టినవే. తను ముట్టకపోతే కింద వాళ్ళు కాకి కోసం ఎదురుచూస్తూ పస్తులుంటారు. బతికుండగా వాళ్ళకి ఏమీ చేయలేకపోయాడు. ఇదొక్కటైనా చేసి పోదామనుకున్నాడు. తనకి తానే ఒక నమస్కారం పెట్టుకుని, వంగి, ముద్ద కలిపాడు.

దర్భ ఉంగరం ఉన్న చేయి ఒకటి వెనక నుంచి వచ్చి అతని మణికట్టు పట్టుకుంది. వెచ్చగా, గట్టిగా పట్టుకుంది.

"అది కాకికి పెట్టింది నాన్నా," అన్నాడు కళ్యాణ్, అతని కళ్ళలోకి సూటిగా చూస్తూ. "చప్పుడు చేయకుండా వెళ్ళిపోండి. మీరు లేరనుకోవడానికి అమ్మకి ఇన్నేళ్ళు పట్టింది."