బుద్ధయ్య సమ్మతి

“పొట్టేలు తెగితేనే పైరాయి లేచ్చాది అయ్యోరా. కాదంటే మావోళ్లను పిల్చుకొని పోతా,” అన్నాడు ఊరిపెద్ద ఓబుల్రెడ్డి.

రిటైరైన హెడ్మాస్టరు సీతాపతి అతని మొలలో దోపుకున్న కత్తి వైపు చూశాడు. జమ్మలమడుగుకు ఆవల, పెన్న ఒడ్డున కూలిపోయిన బౌద్ధాలయాన్ని నిలబెట్టడానికి ఆయన ఆరు నెలలు ఈ ఊరిని బతిమాలాడు. ఇంటికొక మనిషి వంతున వచ్చి నాపరాళ్లు మోశారు, సున్నం కలిపారు. ఇక మిగిలింది గర్భగుడి కప్పురాయి ఒక్కటే. దాన్ని ఎత్తడానికి నలభై మంది కావాలి. ఆ నలభై మందీ చేతులు కట్టుకొని నిలుచున్నారు.

“బుద్ధుడు దేవుడు కాడు, ఓబుల్రెడ్డీ. మనిషి. ప్రాణం తీయవద్దని చెప్పిన మనిషి. ఆయన ముందర రక్తం చిందిస్తే ఈ గుడి కట్టీ వ్యర్థమే.”

“వద్దనేది మీరు. ఆయన అన్లే,” అంది పొట్టేలును తోలుకొచ్చిన గురవమ్మ. “అడుగుదాం. నీళ్లు పోచ్చాం. ఒళ్లు జలదరిచ్చిందా, సమ్మతే. లేదా, వద్దన్నెట్టు. మాకు ఏ దేవునికైనా అదే పద్ధతి.”

“త్వరగా తేల్చుకోండప్పా,” అన్నాడు గోడ మీదినుంచి మేస్త్రీ లాల్ బాషా. “బుద్ధయ్యకు తొందర లేదు గానీ, నా సున్నం ఆరిపోతాంది.”

ఓబుల్రెడ్డి కడవెత్తి పొట్టేలు మీద కుమ్మరించాడు. అది మెడలోని వేపమండను నములుతూ కదలకుండా నిలుచుంది. మరో కడవ. అయినా కదలలేదు.

కారణం సీతాపతికి తెలుసు. తెల్లవారినప్పటినుంచి దాన్ని పెన్నలో నిలబెట్టి కడిగారు; చన్నీళ్లు దానికి అలవాటైపోయాయి. ఆ మాట బయటపెడితే, ఒళ్లు ఆరేదాకా ఆగి మళ్లీ పోస్తారు.

“ఏందయ్యోరా, వద్దన్న్యాడా?” గురవమ్మ ఆయన ముఖంలోకి చూసింది. “మీ నోటితో చెప్పండి.”

అరవై ఏళ్లుగా ఏ రాతికీ మాటలు అంటగట్టని నోరు అది.

“వద్దన్నాడు,” అన్నాడు సీతాపతి.

ఓబుల్రెడ్డి కత్తి పక్కన పెట్టాడు. నలభై మందీ మోకులు అందుకున్నారు. రాయి లేచింది, గోడల మీద కుదురుకుంది. సీతాపతి కండువా సర్దుకొని బస్సుకు బయలుదేరాడు.

“యాడికి పోతాండారు?” ఓబుల్రెడ్డి దారికి అడ్డం నిలుచున్నాడు. “గుడి అయిపాయ. పూజారి వద్దా? ఆయన మనసు తెలిసినోళ్లు మీరొక్కరే.”

“నాకు దేవుడంటేనే నమ్మకం లేదయ్యా.”

“మీ నమ్మకం ఎవురడిగినారు? ఆయన్నే అడుగుదాం.”

అంతలో వెనకనుంచి గురవమ్మ నిండు కడవను ఆయన నెత్తిన కుమ్మరించింది.

కదలకూడదని సీతాపతి పళ్లు బిగించి నిలుచున్నాడు; పెన్న మీది పుష్యమాసపు గాలికి ఆయన ఒళ్లు నిలువునా జలదరించింది.