పాత గూళ్ల నార

కరువుకు తాళలేక ఏడు వాగులు దాటి వచ్చిన గిజిగాళ్లకు, ఆ లంకలో తుమ్మచెట్ల నిండా వేలాడే గూళ్లు కనిపించాయి. లోపల ఒక్క పిట్టా లేదు. గోడలకు మెత్తిన బంకమట్టి మాత్రం ఇంకా తడారలేదు.

"ఎవరివో కనుక్కుందామయ్యా" అంది కడుపుతో ఉన్న సింగారి.

"కనుక్కోడానికి ఎవరున్నారే ఇక్కడ? నోరు మూసుకుని గుడ్లు పెట్టుకో" అన్నాడు మొగుడు.

"నోరంటే మూసుకుంటాను. కళ్లు కూడా మూసుకోమంటావా?"

అతను వినలేదు. అందరితోపాటు ఆ గూళ్లు పీకి, ఆ నారతోనే కొత్త గూడు అల్లాడు. సింగారి అందులోనే మూడు గుడ్లు పెట్టింది. గాలి లేకపోయినా గూటి పోచలు కదిలేవి. మేతకెళ్లి ఎంత ఆలస్యంగా వచ్చినా గుడ్లు వెచ్చగానే ఉండేవి.

"నువ్వు గానీ పొదిగావా?" అనడిగింది.

"మగపుట్టుక పుట్టి నేను పొదగడమేంటే!" అని అతను పకపకా నవ్వాడు.

పిల్లలు పుట్టాయి. సింగారి ఆశగా పురుగును కరుచుకొచ్చి వాటి ముందు నిలబడింది. ఒక్కటీ ఆమెవైపు తిరగలేదు. మూడూ గూటిలో ఖాళీ మూలకు మెడలు చాచి, నోళ్లు తెరిచి, గుటక తర్వాత గుటక మింగాయి. చూస్తుండగానే వాటి పొట్టలు నిండాయి. సింగారి ముక్కున పురుగు ఇంకా కొట్టుకుంటూనే ఉంది.