మూడోసారి ఆగినప్పుడు

"బాబూ, ఈ రైలు ఇంత నిటారుగా ఎక్కుతోంది కదా, వెనక్కి జారిపోదూ?" కిటికీకి ముక్కు ఆనించి అడిగింది ఛాయాదేవి.

"జారదు అత్తయ్యగారూ. పట్టాల మధ్య పళ్లుంటాయి. రైలు కింది చక్రం వాటిని కరిచిపట్టుకుని ఎక్కుతుంది."

"మరి దిగేటప్పుడో?"

రవీంద్రనాథ్ నవ్వాడు. కొండకింద గార్మిష్‌లో రైలెక్కినప్పటినుంచి ఇది పదిహేనో ప్రశ్న.

ఆవిడ తునిలో ముప్పయ్యొక్కేళ్లు సోషల్ టీచర్. ఏటా సుద్దముక్కతో బొమ్మ గీసి హిమానీనదం పాఠం చెప్పింది. "మంచు నదిలా ఎలా పారుతుందండీ?" అని పిల్లలడిగితే, "మెల్లగా పారుతుందిరా" అనేది. చూసి చెప్పింది కాదు. అది తల్చుకుంటే ఆవిడకి ఇప్పటికీ సిగ్గే.

కూతురు చంద్రికకి ఏడో నెల. పురుటి సాయానికి జర్మనీలో డ్యూసెల్‌డార్ఫ్ వచ్చిన ఆవిడ నోరు తెరిచి అడిగింది ఒక్కటే. హిమానీనదం మీద ఒక్కసారి నిలబడాలి.

బిడ్డ పుట్టాక కుదరదు. మళ్లీ వచ్చేసరికి ఆ మంచు కరిగిపోకుండా ఉంటుందో లేదో. అల్లుడు వెంటనే గైడు తీసుకెళ్లే టూర్ బుక్ చేశాడు.

రవీంద్రనాథ్ మంచివాడే. కాకపోతే ఆరేళ్లలో జర్మన్లకంటే పెద్ద జర్మన్ అయిపోయాడు. పక్కింటివాళ్లు ఖాళీ సీసా తప్పు చెత్తడబ్బాలో వేసినా ఊరుకోడు.

రైల్లోనే గైడు రూల్సు చెప్పింది. లేనా అని పాతికేళ్ల పిల్ల, ఈ సీజన్‌లోనే చేరిందట.

"తాడు కట్టుకోకుండా, గైడు లేకుండా మంచుమీద ఎవరూ అడుగు పెట్టకూడదు. మధ్యాహ్నానికి మబ్బు కమ్ముతుంది కాబట్టి దారిలో ఆలస్యం కుదరదు. ఎవరైనా మూడుసార్లు ఆగమంటే, వాళ్లు అక్కడినుంచి స్టేషన్‌కి తిరిగి వెళ్లాలి."

అల్లుడు తెలుగులో చెప్పగానే ఛాయాదేవి గుండె గుభేలుమంది. రెండంతస్తుల మెట్లెక్కితేనే ఆయాసపడే మనిషి.

ఎదుటి సీట్లో అదే టూర్‌కి వచ్చిన, గడ్డం నెరిసిన పెద్దాయన కూర్చుని ఉన్నాడు. మోచేతులు వెలిసిపోయిన జాకెట్టు, అరిగిపోయిన బూట్లు.

"మొదటిసారా?" ఇంగ్లీషులో పలకరించాడాయన.

"ముప్పయ్యొక్కేళ్లు పాఠం చెప్పాను. చూడటం ఇవాళే," అంది ఛాయాదేవి, తనకొచ్చిన ఇంగ్లీషులో.

ఆయన ఆవిడవంక చాలాసేపు చూశాడు.

"ఈ వయసులో ఈయనకెందుకో ఈ షోకు. అందర్నీ లేట్ చేస్తాడు, చూడండి," అన్నాడు రవీంద్రనాథ్ తెలుగులో.

పైన దిగారు. పదిమందీ వరసలో బయల్దేరారు. ఛాయాదేవి చివరికి పడింది. ఆవిడ వెనకాల పెద్దాయన ఒక్కడే.

పావుగంటకే ఆవిడ ఊపిరి పట్టేసింది. ఆగమని అడగాలా వద్దా అని నోరు మెదిపేలోపు వెనకనుంచి కేక.

"లేనా, ఒక్క నిమిషం! లేసు ఊడింది."

అందరూ ఆగారు. ఆవిడ గుండెలనిండా గాలి పీల్చుకుంది.

మరికాసేపటికి మళ్లీ కేక. "మోకాలు పట్టేసింది."

"చెప్పానా!" పళ్లు కొరికాడు రవీంద్రనాథ్.

మూడోసారి ఆయన బూటులో రాయి పడింది.

రవీంద్రనాథ్ ఇక ఆగలేదు. "లేనా, మూడు అయిపోయాయి. రూల్ చెప్పింది మీరే కదా!"

"పోన్లెండి బాబూ, పెద్దాయన," అంది ఛాయాదేవి రొప్పుతూనే.

"మీకు తెలీదు అత్తయ్యగారూ. ఈయనకోసం ఆగుతూ పోతే మీరు మంచు చూడకుండానే మబ్బు కమ్మేస్తుంది."

లేనా మొహమాటంగా చూసింది. పెద్దాయన మాత్రం తగువు పెట్టుకోలేదు.

"అబ్బాయి అన్నది నిజమే. స్టేషన్ కనబడుతూనే ఉంది, వెళ్లిపోతాను."

ఛాయాదేవి దగ్గరికొచ్చి చెప్పాడు. "ఇంకో ఇరవై నిమిషాలే. అడుగు చిన్నది వెయ్యండి. అడుగుకో ఊపిరి."

వెనక్కి తిరిగి దిగిపోయాడు.

"అమ్మయ్య!" అనుకున్నాడు రవీంద్రనాథ్.

మిగిలిన దారిలో ఛాయాదేవే రెండుసార్లు ఆగమంది. మూడోసారి అడిగే పని పడలేదు. మంచు వచ్చేసింది.

తాడు కట్టారు. ఆవిడ మంచుమీద నిలబడింది. బొమ్మలో గీసినంత తెల్లగా లేదు. మట్టి, గులకరాళ్లు, సందుల్లో నీలం. వంగి అరచెయ్యి ఆనించింది, తర్వాత చెవి ఆనించింది. అడుగున నీళ్ల చప్పుడు.

"బాబూ, కింద నీళ్లు! వినండి, మీరూ వినండి!"

ఆవిడ కళ్లు తుడుచుకుంటుంటే రవీంద్రనాథ్ కూడా వంగి మంచుకి చెవి ఆనించాడు.

దిగే రైల్లో ఆవిడ ఒక్క ప్రశ్నా అడగలేదు. సగం దూరం వచ్చాక మెల్లగా అంది.

"ఆ పెద్దాయనకి ఆయాసమే లేదు బాబూ. నాకు ఊపిరి ఆడనప్పుడల్లా ఆయన ఆగాడు."

"మరి అప్పుడే చెప్పలేదేమండీ?"

"చెబితే నన్ను పంపేస్తారని భయపడ్డాను. తప్పు నాదే."

రవీంద్రనాథ్‌కి తల కొట్టేసినట్టయింది. ఎలాగైనా ఆయన కాళ్లమీద పడాలనిపించింది. టికెట్లు చూడటానికొచ్చిన ఉద్యోగిని ఆపి ఆనవాళ్లు చెప్పాడు.

"అలోయిస్ గురించా? ఇందాకటి రైల్లోనే దిగిపోయాడు."

"మోకాలు పట్టేసిందన్నాడు. అదైనా నిజమేనా?" అడిగాడు రవీంద్రనాథ్.

"మోకాలా? ఆయనకా?" ఉద్యోగి విడ్డూరంగా చూశాడు. "పదేళ్ల కిందటిదాకా ఆ మంచుమీదికి జనాన్ని నడిపించిన గైడండీ ఆయన, రేపు ఇల్లు ఖాళీ చేసి హానోవర్‌లో కూతురి దగ్గరికి వెళ్లిపోతూ, దాన్ని ఆఖరిసారి చూసుకుంటానని ఇవాళ అందరిలాగే టికెట్ కొనుక్కుని వచ్చాడు."