గేదె వీపు మీద రాయబారి

చెరువు ఒడ్డున రెల్లు పొదల్లో బాతులు గుడ్లు పెట్టుకునేవి. గేదెల మంద కూడా రోజూ సరిగ్గా ఆ దారినే నీళ్లలోకి దిగేది. గేదెలతో తెల్లకొంగకు పాత స్నేహం కాబట్టి, బాతుల రాణి చిత్రాంగి దాన్నే రాయబారిగా పంపింది. చిత్రాంగికి నోరు కాస్త ఎక్కువ.

"ఆ బురద మొహాలతో చెప్పు, ఇంకోసారి మా గుడ్ల వైపు వస్తే కళ్లు పొడిచేస్తామని!"

"చిత్తం," అంది కొంగ. వెళ్లి పెద్దగేదె వీపెక్కి, పిడుదులు ఏరుతూ నెమ్మదిగా చెవిలో అంది: "రాణిగారు మీ క్షేమం అడగమన్నారు. పొదల దగ్గర నత్తగుల్లలు మీ కాళ్లకు గుచ్చుకుంటాయేమోనని ఆవిడకు ఒకటే బెంగ."

"పాపం, ఎంత మంచి మనసో!" అంటూ పెద్దగేదె మందను అవతలి ఒడ్డుకు మళ్లించింది.

అలా రోజులు హాయిగా గడిచాయి. బాతులకు మాత్రం కడుపుమంట. "ఇదేం రాయబారం? గేదెల మీద ఊరేగుతూ విందులు మేస్తోంది!"

రాణి కొంగను వెనక్కి పిలిపించింది. తనే ఒడ్డున నిలబడి, అప్పుడు కొంగతో చెప్పి పంపిన మాటల్నే ఒక్కటీ పొల్లుపోకుండా అరిచింది.

ఎవరా అరిచేదని గేదెలన్నీ ఇటు తిరిగి పొదల్లోకి నడిచొచ్చాయి. పెద్దగేదె గిట్ట రాణిగారి గూటి అంచు మీదే పడింది. గుడ్లు వెంట్రుకవాసిలో తప్పించుకున్నాయి.

ఆ సాయంత్రమే రాణి కొంగకు కబురు పెట్టింది. "మళ్లీ వెళ్లు."

"ఏమని చెప్పమంటారు?"

"ఆ బురద మొహాలతో..." అని మొదలుపెట్టి, రాణి నలిగిన గూటి వైపు చూసుకుంది. "నేను చెప్పింది తప్ప ఏదైనా చెప్పు."