ఆరడుగుల షరతు

“ఇంట్లో తెలుగు మాట్లాడే పిల్ల కావాల. మొదట అదెయ్యి” అంది అంబుజం, కుర్చీ దగ్గరికి లాక్కుంటూ.

కీర్తిక టైపు చేసింది. వైట్ టౌన్ ఆఫీసులో పొద్దస్తమానం ఆమె చేసే పని ఇదే. ఎలాంటి డేటాబేస్ ఫైలునైనా తెరిచి, అడిగిన వివరాలు ఏరి చూపించే ప్రోగ్రాం ఆమె ల్యాప్‌టాప్‌లో ఉంది. తమ ఇంటి వీధిలోనే పెళ్ళిసంబంధాలు కుదిర్చే అంబుజం పాత కంప్యూటర్ పాడైపోయి, దాని ఫైళ్ళు మాత్రం ఒక పెన్‌డ్రైవ్‌లో మిగిలాయి. తెరిచిపెట్టమని కబురు రాగానే కీర్తిక పరిగెత్తుకొచ్చింది. వెతకాల్సింది ఎవరికోసమో వచ్చాకే తెలిసింది. అంబుజం కొడుకు భువనేశ్‌కట!

తనూ భువనేశూ రెండేళ్ళుగా సాయంత్రాలు సముద్రపు గట్టున సైకిళ్ళు నడిపించుకుంటూ తిరుగుతున్న సంగతి ఈవిడకి తెలియదు. తట్టాంచావడి ఫ్యాక్టరీలో అంతంత యంత్రాలను అదుపులో పెట్టే ఆ మహానుభావుడికి అమ్మ ముందు నోరు పెగలదు. ఇవాళ ఈ ఫైల్లో ఒక్క పిల్ల దొరికిందంటే ఆదివారం పెళ్ళిచూపులే.

చదువు, వయసు, ఒక్కొక్కటే చెప్పింది అంబుజం. మీట నొక్కగానే తెర నిండా పేర్లు. అందరూ ఇరవైమూడు, ఇరవైనాలుగేళ్ళ వాళ్ళే. కీర్తిక మళ్ళీ కీబోర్డు మీదికి వంగింది. అంబుజానికి ఇంగ్లీషు రాదన్న ధైర్యంతో తన షరతొకటి గుట్టుగా చేర్చింది. ఎత్తు ఆరడుగులకు పైన. పేర్లన్నీ మాయమయ్యాయి.

“ఒక్కరూ లేరత్తా.”

అంబుజం తెరనూ ఆమె మొహాన్నీ మార్చి మార్చి చూసింది. చదువు లేకున్నా పర్వాలేదంది. కీర్తిక చదువు తీసేసింది గానీ ఆరడుగులు తియ్యలేదు. వీరాంపట్టినం వైపు కూడా చూడమంది. అక్కడా అంతే. చిన్నప్పుడు తనకు జడలల్లిన మనిషి ముందు ఇన్ని అబద్ధాలాడుతున్నందుకు కీర్తికకు సిగ్గేసింది. అయినా భువనేశ్‌ను ఇంకొకరికి ఇచ్చేయడం ఆమె వల్ల కాలేదు.

“నా బిడ్డకి యాడా పిల్లే లేదా, కీర్తీ?”

“లేదత్తా.” ఆ మాటతోపాటే కన్నీళ్ళూ వచ్చేశాయి.

అంబుజం ల్యాప్‌టాప్ మూసేసి, ఆమె చెయ్యి తన ఒళ్ళోకి తీసుకుంది.

“ఆ ఫైల్లో పిల్లలకంతా పెండ్లిండ్లయి పదేండ్లాయె, కోడలా.”