తమ్ముడి ఆచూకీ

"ఇన్నాళ్లైనా ఒక మనిషిని వెతకలేకపోతే ఆ యూనిఫాం ఎందుకు?" అని జడ్జి అడిగాడు.

ఎస్సై నమ్రత తల వంచుకుంది. వెనక బెంచీలో కూర్చున్న లస్మయ్య కండువాతో కళ్లు ఒత్తుకున్నాడు.

లస్మయ్య ఉండేది ముంబై దగ్గర భివండీలోని కనేరిలో. సిరిసిల్ల నుంచి తండ్రి వెంట వచ్చి, మగ్గాల మీద కూలి చేసి, చివరికి సొంతంగా పవర్‌లూమ్ కార్ఖానా పెట్టుకున్నాడు. మొన్న ఎండాకాలంలో అది తగలబడింది. రాత్రి షిఫ్టు చేసి లోపల పడుకున్న ఇద్దరు కూలీలు కాలిపోయారు. పోలీసులు షార్ట్ సర్క్యూట్ అని రాసి ఫైలు మూసేశారు. లస్మయ్యకు బీమా డబ్బులు వచ్చాయి.

ఆ రోజు నుంచే అతని తమ్ముడు అంకుశం కనిపించడం లేదు. అంకుశం భార్య రోజా, పిల్లలు లస్మయ్య ఇంట్లోనే ఉంటున్నారు.

"ఊరికి పోయి ఉంటాడు, వస్తాడులే" అన్నారు ఠాణాలో. లస్మయ్య ఊరుకోలేదు. కనేరి, టెంఘర్ గల్లీల్లో తమ్ముడి ఫోటోలు అంటించాడు. సిరిసిల్లకు మనుషుల్ని పంపాడు. చివరికి వకీలును పట్టుకుని ముంబైలో పెద్ద కోర్టుకెక్కాడు. అప్పటి నుంచి దర్యాప్తు కోర్టు కళ్ల ముందే నడుస్తోంది. వాయిదా వాయిదాకూ పోలీసులు ఏం చేశారో జడ్జికి చెప్పుకోవాలి.

"గింత పాణం పెట్టే అన్న ఎవలకుంటడు?" అని కార్ఖానాల్లో అందరూ అనుకున్నారు.

జడ్జి అలా తిట్టిన వాయిదా తర్వాత నమ్రత ఒంటరిగా లస్మయ్య ఇంటికి వచ్చింది. ఇచ్చిన చాయ్ ముట్టుకోలేదు.

"ఈ కేసు వాపసు తీసుకోండి" అంది హిందీలో, గొంతు తగ్గించి.

"ఎందుకు మేడం?"

"మీ తమ్ముడే రావద్దనుకుంటున్నాడేమో."

"సొంత ఇంటికి ఎందుకు రాడు? ఆడు బతికున్నడా లేడా, గది చెప్పుండ్రి."

ఆమె వంటింటి గడపలో నిలబడ్డ రోజా వైపు ఒకసారి చూసి వెళ్లిపోయింది.

"పోలీసులే ఏదో చేసిండ్రు. దాస్తున్నరు" అన్నాడు లస్మయ్య. రోజా పిల్లల్ని దగ్గరికి లాక్కుంది.

మరుసటి వాయిదాలో వకీలు ఈ సంగతి బయటపెట్టాడు. జడ్జి ముఖం ఎర్రబడింది. "వచ్చేసారి ఆ మనిషైనా నా ముందుండాలి, మీ పై అధికారైనా ఉండాలి" అన్నాడు.

అంకుశాన్ని తీసుకొచ్చారు.

భివండీ పక్కనే కాల్హేర్ గోదాముల్లో వేరే పేరుతో లారీలకు సరుకు ఎక్కిస్తున్నాడట. గడ్డం మాసింది. మనిషి సగమయ్యాడు. అన్నను చూడగానే నమ్రత వెనక్కి జరిగాడు.

"నిన్నెవరైనా బంధించారా?" అని అడిగాడు జడ్జి.

"లేదు సాబ్."

"మరి ఎందుకు వెళ్లిపోయావు?"

అంకుశం నోరు తెరిచాడు. అప్పుడే లస్మయ్య లేచి చేతులు జోడించాడు.

"తమ్మీ! రోజా, పిల్లలు నా ఇంట్లనే ఉన్నరు. నువ్వెప్పుడొస్తవా అని చూస్తున్నరు. పోదాం పా."

అంకుశం తల దించాడు.

"మతి మంచిగ లేకుండె సాబ్. మా అన్నతోనే పోత."

నమ్రత ఏదో చెప్పబోయింది. జడ్జి చెయ్యెత్తి ఆపాడు. ఇన్నాళ్లకు ఆయన ముఖంలో తృప్తి కనిపించింది. కేసు ముగిసిందన్నాడు.

లస్మయ్య తమ్ముడి భుజం మీద చెయ్యి వేసి మెట్లు దిగాడు. కారు తలుపు తనే తీసి పట్టుకున్నాడు. కారు ఠాణే ఊరు దాటి భివండీ దారి పట్టింది.

కార్ఖానాకు లస్మయ్య తన చేతులతో నిప్పు పెడుతుండగా చూసిన ఒకే ఒక్క మనిషిని, కోర్టే వెతికించి తెచ్చి అతని పక్కన కూర్చోబెట్టింది.