పదికి పది

"జంటలు ఇటు రండి" అని గేటు దగ్గర మైకు అరిచింది. నాలుగు రోజులుగా కడుపులో ఎలుకలే తప్ప మెతుకులు లేని జనానికి అది "వంటలు ఇటు రండి" అని వినిపించింది. మూడు వందల మంది ఒక్కసారిగా గేటు మీద పడ్డారు. కాపలావాళ్ళు కర్రలతో వడ్డించారు. వడ్డన అయ్యాక ఇద్దరు లేవలేదు. మిగిలినవాళ్ళు లేచి, దుమ్ము దులుపుకుని, జంటలు జంటలుగా వరసలో నిలబడ్డారు.

ఆ వరసలో కండక్టరు, దర్జీ పని చేసే అతని భార్య కూడా ఉన్నారు. గేటు అవతలి ఊళ్ళో ఆమె అక్క ఉంది. ఆ ఊళ్ళో ఇంకా పిండిమర ఆడుతోంది, పొయ్యిల్లోంచి పొగ లేస్తోంది. ఇవతల తినడానికి మిగిలినవి చీవాట్లే. లోపల తోబుట్టువు ఉన్నవాళ్ళని రానిస్తారు, వాళ్ళ వెంట మొగుడినో పెళ్ళాన్నో రానిస్తారు. దాంతో ఆలూ చూలూ లేనివాళ్ళు కూడా వరసలోనే జతకట్టి కాపురాలు పెట్టేశారు. అందుకని పరీక్ష పెట్టారు. ఇద్దరినీ చెరో గదిలో కూర్చోబెట్టి, ఒకరి గురించి ఒకరిని అవే పది ప్రశ్నలు అడుగుతారు. దొంగ జంట అని తేలితే ఇద్దరినీ వెనక తలుపులోంచి రోడ్డు మీదికి గెంటేస్తారు. ఆ రోడ్డు మీద తిండీ లేదు, నీళ్ళూ లేవు. నడిచి వచ్చినవాళ్ళకి తెలుసు, తిరిగి నడవలేమని.

లోకం మునిగిపోయినా పేపరు లీకవడం మాత్రం ఆగలేదు. ఒక కాపలావాడు కండక్టరు బూట్లు విప్పించుకుని ప్రశ్నల చీటీ ఇచ్చాడు. చీటీ చదివిన కండక్టరుకి కాళ్ళ కింద ఉన్న నేల కూడా పోయినట్టయింది. పదిలో ఒక్కదానికీ జవాబు తెలియదు.

"నీకిష్టమైన రంగు నీలమే కదా?" అన్నాడు, పోనీ ఇదొక్కటైనా వచ్చునని.

"బడిపిల్లల బట్టలు కుట్టగా మిగిలిన గుడ్డండీ అది. ఇరవై రెండేళ్ళు అదే తొడుక్కున్నాను. నీలం చూస్తే నాకు ఒళ్ళుమంట."

మరి చెప్పలేదేం అన్నాడు. మీరు అడిగితే కదా అంది.

రెండు పగళ్ళు వరసలోనే నిలబడి చదువుకున్నారు. స్నానాల గదికి ఆమె గడియ ఎందుకు పెట్టుకోదో అతనికి అప్పుడే తెలిసింది. మూసిన తలుపంటే ఆమెకి భయం. పడుకునే ముందు అతను పెదాలు కదిపేది దేవుడి కోసం కాదని, రేపటి స్టాపుల కోసమని ఆమెకీ అప్పుడే తెలిసింది. అన్ని స్టాపులు వల్లించినవాడికి ఒక్క పెళ్ళాన్ని వల్లించడం ఎంతసేపు? పెళ్ళయ్యాక వాళ్ళు అంతసేపు మాట్లాడుకోవడం అదే మొదలు. ఆకలి కూడా మర్యాదగా కాసేపు పక్కకి తప్పుకుంది.

వాళ్ళ ముందున్న జంటకి ఆ తాపత్రయం లేదు. అతను మాంసం కొట్టేవాడు, ఆమె నర్సు. కోసేవాడికీ కుట్టేదానికీ మొన్న పొద్దున ఆ వరసలోనే జోడీ కుదిరింది. ఆమె చీటీ చదివి వినిపిస్తే అతను ఆవలించాడు. వాళ్ళు లోపలికి వెళ్ళిన కాసేపటికే కేకలు వినిపించాయి. పాపం, అయిపోయారు అనుకుంది దర్జీ.

తర్వాత వీళ్ళ వంతు. చెరో గది, చెరో కాగితం. ఇష్టమైన రంగు? గంధం రంగు. భయం? మూసిన తలుపు. ఎక్కడా తడుముకోలేదు. బతుకంతా "రైట్ రైట్" అన్నవాడికి పదీ రైటే పడ్డాయి.

ఇద్దరినీ ఒకచోటికి పిలిచారు. గుమాస్తా రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూశాడు. కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశాడు.

"పదికి పది," అన్నాడు.

కండక్టరు తన భార్య చెయ్యి పట్టుకున్నాడు.

"పెళ్ళై ఎన్నేళ్ళయిందన్నారు?"

"ఇరవై రెండండి."

"ఇరవై రెండేళ్ళు కాపురం చేసినవాడికి పెళ్ళానికి ఇష్టమైన రంగు తెలుసా?" గుమాస్తా ఎర్ర ముద్ర చేతిలోకి తీసుకున్నాడు. "నాది ముప్ఫై ఏళ్ళ సంసారం, నాకే తెలీదు. ఈ కుర్చీలో కూర్చున్న అసలు మొగుడెవడూ మూడు దాటలేదు. పదికి పది వచ్చేది బట్టీ పట్టిన దొంగలకే. మీ ముందు వచ్చినవాళ్ళవి రెండే కలిశాయి. ఆ రెంటి మీదా ఇక్కడే జుట్టూ జుట్టూ పట్టుకున్నారు. సంసారమంటే అదీ."

వాళ్ళు మొన్ననే ఈ వరసలో కలిశారని దర్జీ చెప్పబోయింది. లోపలికెళ్ళినవాళ్ళ మీద ఏడవద్దని గుమాస్తా మందలించాడు.

"మొన్నటిదాకా నాకు ఒక్కటీ తెలీదండీ," అన్నాడు కండక్టరు. "అన్నీ ఈ రెండు రోజుల్లోనే నేర్చుకున్నా."

"నేనూ అదే అంటున్నాను," అని గుమాస్తా ముద్ర కొట్టేశాడు.

వెనక తలుపులోంచి ఇద్దరినీ గెంటేశారు. కండక్టరు కింద కూలబడ్డాడు. దర్జీ మాత్రం పరీక్ష గదుల చుట్టూ తిరిగి ముందుకి వచ్చింది. మనం ఎలాగూ పోయాం, వీళ్ళయినా గట్టెక్కుతారని, వరస చివరిదాకా వినపడేలా జరిగిందంతా చెప్పింది. అన్నీ తెలిసినవాళ్ళు దొంగలట, ఏమీ తెలియనివాళ్ళే ఆలుమగలట.

ఆమె వంక ఎవరూ చూడలేదు. వరసలోని జంటలన్నీ చీటీలు నలిపి పారేసి, ఒకరికొకరు వీపులు తిప్పుకుని, గబగబా మరచిపోవడం మొదలుపెట్టాయి.